షెడ్డులో మూతపెట్టిన డిస్కు

చోడవరం,
ఏప్రిల్ మొదటి వారం.

మిరియం అక్కకి,

మీ బైబిలు స్కూల్లో ఫోన్లన్నీ బీరువాలో పెట్టి తాళమేస్తారని నువ్వు చెప్పినప్పుడు నవ్వేను. ఇప్పుడు పెన్ను పట్టుకుని కూర్చుంటే తెలుస్తంది. తొమ్మిదో తరగతి మానేసేక ఇంత పొడుగు ఎప్పుడూ రాయలేదు. తప్పులుంటే నవ్వుకో, మీ హాస్టలోళ్లకి మాత్రం చూపించకు.

నాన్న నీకేం రాసుంటాడో నాకు తెలుసు. షాపులో చిన్న మాట తేడా వచ్చి తమ్ముడు పని మానేసేడని రాసుంటాడు. మానలేదక్కా. గెంటేసేరు. దొంగని చెప్పి గెంటేసేరు.

మొదట్నుంచి చెప్తాను. బంగార్రాజు కంప్యూటర్ల షాపులో నేను చేరిన కొత్తల్లో ఎవరి కంప్యూటరు నెమ్మదించినా ఏవేవో చేసి పంపించేవాళ్లం. తర్వాత అందరికీ ఎస్‌ఎస్‌డి పిచ్చి పట్టింది. పాత హార్డ్ డిస్కు పీకేసి, చిప్పుల్తో చేసిన ఈ డిస్కు పెడితే, టీ పెట్టుకొచ్చేలోగా తెరుచుకునే కంప్యూటరు స్విచ్చి మీంచి చెయ్యి తీసేలోగా తెరుచుకుంటది. జిరాక్సోళ్లు, స్కూళ్లు, మందుల షాపులు, అందరూ మార్పించేసుకున్నారు. పోయిన ఏడాది చివర్న వాటి రేట్లు ఒక్కసారి పైకెళ్లిపోయాయి. ఏఐ కంపెనీలు కొండలంత గోడౌన్లు కట్టుకుని చిప్పులన్నీ ముందే కొనేస్తన్నాయంట. వాళ్లకీ చోడవరం మందుల షాపుకీ ఏటి సంబంధం అనుకుంటాం గానీ, విశాఖపట్నం హోల్‌సేలోడు మన ఫోనెత్తడం మానేసేడు. బంగార్రాజు మాత్రం పాత రేటుకే ఇచ్చుకుంటా పోయేడు. ఊరంతా మంచి మనిషన్నారు.

జనవరిలో షాపు వెనక గదిలో గోనె సంచి చూసేను. ఎక్కడో ఆఫీసుల్లో తుక్కుకి పడేసిన లాప్‌టాపుల్లోంచి పీకిన డిస్కులు. పక్కన స్టిక్కర్లు అచ్చేసే మిషను. నేను కొత్తవనుకుని నా చేతుల్తో బిగించినవన్నీ అవే. అడిగేను. "బిగించమన్నది బిగించు. నీకు చదువెక్కువైపోలేదు కద" అన్నాడు. ఆరోజు నుంచి నాతో నవ్వడం మానేసేడు.

ఫిబ్రవరిలో కె.కోటపాడు ల్యాబులో ఒకటి పోయింది. ల్యాబాయన దాన్ని పట్టుకొచ్చి, ఇది వాడేసిన సరుకని షాపులో గట్టిగా అడిగేడు. చుట్టూ జనం. బంగార్రాజు కంగారు పడలేదక్కా. నా వైపు వేలు చూపించేడు.

"నేనిచ్చింది కొత్తదే బాబూ. ఈ గుంటడు దారిలో మార్చీసేడు."

నాన్న అదే రోడ్డు మీద వెళ్తంటే లోపలికి పిలిపించేడు. "ఏసుదానం గారూ, మీరు సంఘ పెద్ద. మీవోడి సేత బైబిలు మీద సెయ్యేయించి, తియ్యలేదని ఒక్క మాట సెప్పించండి. నేనింక నోరెత్తను" అన్నాడు.

నేను వేస్తానన్నాను. చెయ్యి చాపేను కూడా. నాన్న నా మణికట్టు పట్టుకుని కిందకి దించేసేడు.

"మేం ఒట్టు పెట్టం బాబూ. మాకది లేదు."

మన సంఘంలో ఒట్టు పెట్టకూడదని మనకి తెలుసు. ఆ జనానికి తెలీదు. ఒట్టెయ్యనోడు దొంగే వాళ్లకి. బంగార్రాజుకి మాత్రం బాగా తెలుసు. పక్క వీధిలో ఉంటాడు, క్రిస్మస్‌కి మనింట్లో కేకు తింటాడు. నాన్న ఒట్టు పెట్టనివ్వడని తెలిసే అడిగేడు.

ఇప్పుడు నన్నెవరూ కంప్యూటరు ముట్టుకోనివ్వటం లేదు. సైకిల్ షాపు పక్కన బల్లేసుకున్నాను. ఛార్జర్లొస్తన్నాయి, అంతే.

అసలు సంగతిప్పుడు చెప్తాను. దేవరాపల్లి రోడ్డులో రాజ్యం గారి బెల్లం పొడి యూనిట్టు తెలుసు కదా, నాన్న చెరుకు పోసేది అక్కడే. ఆవిడ కాటా షెడ్డులో కంప్యూటరుకి కూడా బంగార్రాజు డిస్కే. ఎవరు తోట ఎప్పుడు నాటేరో అందులో ఉంటది. ముందు నాటినోడికి ముందు కటింగు. ఆఖర్న పడినోడి చెరుకు ఎండలకి గుల్లైపోద్ది. డిస్కు మార్చేక కంప్యూటరు రెప్పపాటులో లేస్తందని ఆవిడ పుస్తకాలు రాయడం కూడా మానేసింది. సీజనైపోయింది. ఎప్పట్లాగే క్రషరుకి గ్రీజు రాసి, కంప్యూటరు ప్లగ్గు పీకి, దుప్పటి కప్పి, రేకుల షెడ్డుకి తాళమేసేసేరు. మళ్లీ తీసేది డిసెంబర్లోనే.

హార్డ్ డిస్కయితే అలా పడుంటది, ఏం కాదు. అది ఇనప పలక మీద రాసినట్టు. ఎస్‌ఎస్‌డి అలా కాదు, కుండలో నీళ్లు. అప్పుడప్పుడు కరెంటు పెడతండాలి. కొత్త కుండైతే కారదు. ఇది వాడి వాడి పారేసిన కుండ. పైన రేకులు, మన ఎండలు. డిసెంబరుకి అందులో ఏమీ మిగలదు.

అప్పుడు ఊరు ఊరంతా చూస్తంది, బంగార్రాజు అమ్మింది ఏ సరుకో. అప్పటికి నేనా షాపు వదిలి పది నెలలవుద్ది కాబట్టి నా మీదకి తొయ్యలేడు. నేను చెయ్యాల్సింది ఒకటే, ఏమీ చెయ్యకపోవడం.

జాషువా


ఎలమంచిలి, బైబిలు స్కూలు హాస్టల్,
ఏప్రిల్ నెలాఖరు.

ఒరే జాషువా,

తప్పులకి నవ్వలేదు. నవ్వు రాలేదు.

నాన్న నువ్వనుకున్నట్టే రాశాడు, చిన్న మాట తేడా అని. నువ్వు దొంగవు కావని నాకు ఎవరూ ఒట్టు వేసి చెప్పక్కర్లేదు. చిన్నప్పుడు సండేస్కూల్లో కానుకల డబ్బాలో రూపాయి ఎక్కువ వేశానని తిరిగి తీసుకుని, తర్వాత ఇంటికి పరిగెత్తి అమ్మకి చెప్పేసినవాడివి.

బంగార్రాజు చేసింది పాపం. దానికి జవాబు ఉంటుంది. కానీ నువ్వు రాసిన రెండో సంగతి మళ్ళీ మొదటినుంచి చదివాను. ఆ కంప్యూటరులో ఉన్నది బంగార్రాజు సొత్తు కాదు. దేవరాపల్లి చుట్టుపక్కల రైతులందరి వంతులు. మన నాన్న తోట కూడా అందులోనే ఉంది. ఈసారి ఫిబ్రవరిలోనే నాటాను, మధ్యలో వంతు వస్తుంది, ఎండలకి ముందే అయిపోతుందని సంతోషంగా రాశాడు నాకు.

వెళ్ళి రాజ్యం గారికి చెప్పు. ప్లగ్గు పెట్టి ఒకసారి ఆన్ చెయ్యమను. అంతే కదా.

ఒకచోట పది నిమిషాలు కుదురుగా కూర్చోలేనివాడివి, పగ కోసం డిసెంబరు దాకా కూర్చుంటావా? నీ వల్ల కాదు. చెప్పెయ్.

మిరియం అక్క


చోడవరం,
మే నెల.

అక్కా,

నావల్ల అవుద్ది. చూస్తండు.

ఇంత ఎండ నేనెప్పుడూ కోరుకోలేదు. రోడ్డు మీద తారు చెప్పులకి అంటుకుంటంది, ఊరంతా ఉస్సూరంటంది, నేనొక్కణ్ణే మొహం పైకెత్తి నడుస్తన్నాను. మబ్బేస్తే కోపమొస్తంది. సైకిల్ షాపాయన, ఈ గుంటడికి వడదెబ్బ తగిలిందేటి అని అడిగేడు. ఎండ నా తరఫున పని చేస్తంది బాబూ, జీతం కూడా అడగదు అన్నాను.

అప్పుడప్పుడు బండేసుకుని దేవరాపల్లి రోడ్డులోకి వెళ్తన్నాను. గేటు దగ్గర ఆగి రేకుల్ని చూసి వచ్చేస్తాను. అక్కడ కాపలా, ఊడ్పూ అన్నీ అచ్చియ్యమ్మే. ముసలిది. నన్ను చూస్తే చెంబుతో మంచినీళ్లిస్తది.

"ఏటి బాబూ, ఇంతెండలో? లోపల నీకేటున్నాది?"

"ఏం లేదు. షెడ్డు బాగుందని సూస్తన్నాను."

"రేకుల షెడ్డు బాగుండడవేటి? లోపలికెల్తే మనిసి ఉడికిపోతాడు."

ఆ మాట వినడానికే వెళ్తానేమో.

చెప్పమంటావు. చెప్తే ఏమవుద్దో నువ్వే ఆలోచించు. దొంగని ఊరు తేల్చినోడు వచ్చి మీ కంప్యూటరు పోద్దంటే ఎవరు నమ్ముతారు? ఒకవేళ నమ్మి ప్లగ్గు పెట్టేరనుకో. డిస్కు బతుకుద్ది. బంగార్రాజు బతుకుతాడు. నేను మాత్రం చచ్చేదాకా ఛార్జర్లు అతుకుతా దొంగగానే ఉంటాను. మొన్న మందుల షాపాయన కొడుకు లాప్‌టాప్ తెచ్చి, స్క్రీను తుడవమని, నేను తుడుస్తన్నంతసేపూ నా చేతులే చూసేడు. తుడవడానికి, అక్కా.

రైతుల సంగతంటావా, తోటలు పొలంలోనే ఉంటాయి, ఎక్కడికీ పోవు. మళ్లీ రాసుకుంటారు. పోయేది బంగార్రాజు పరువే.

జాషువా


ఎలమంచిలి,
జూన్ రెండో వారం.

ఒరే తమ్ముడూ,

ఆదివారం నాన్న చూడడానికి వచ్చాడు. మామిడిపళ్ళు తెచ్చాడు, సగం బస్సులోనే చితికిపోయాయి. కొత్త చొక్కా వేసుకున్నాడు గానీ కాలరు మడత విప్పలేదు. చెట్టు కింద కూర్చుని చాలాసేపు మాట్లాడుకున్నాం.

నువ్వు ఇంట్లో అన్నం తిని వెంటనే లేచిపోతున్నావని చెప్పాడు. కాస్త కూర్చోరా.

వానలు మొదలయ్యాయి ఇక్కడ. అక్కడ కూడా పడాలని కోరుకుంటున్నాను, కోపం తెచ్చుకోకు.

మిరియం అక్క


చోడవరం,
జూలై.

మిరియం అక్కకి,

మామిడిపళ్ల గురించి రాసేవు. చొక్కా కాలరు గురించి రాసేవు. చెట్టు కింద నాన్నకి ఏం చెప్పేవో అది రాయలేదు.

నాన్న తిన్నగా రాజ్యం గారి దగ్గరికెళ్లేడు. మావోడు ఇలా అంటన్నాడమ్మా, ఒకసారి కరెంటు పెట్టి చూడండి అన్నాడు. ఆవిడ మంచిదే. కానీ సరుకిచ్చినోణ్ణి అడక్కుండా ముట్టుకోదు కదా. బంగార్రాజుకి ఫోన్ చేసింది. వాడు బండి మీద రెక్కలు కట్టుకుని వచ్చేడు. అక్కడున్న రైతుల ముందు నన్ను కూడా పిలిపించేరు.

"అమ్మా, వర్షాకాలం. పిడుగులు పడతన్నాయి. ఇప్పుడు ప్లగ్గెడితే మిషనే కాలిపోతాది. గ్యారంటీ నాది." నా వైపు తిరిగేడు. "ఏరా, పోతాదని నీకెలా తెల్సు? జోస్యం సెప్తావేటి?"

నేను చెప్పేను. పాత డిస్కు, ఎండ, కరెంటు లేకపోవడం. చెప్తంటే నాకే కథలాగుంది.

వాడు నవ్వేడు. "వింటన్నారు కదా అందరూ. రేపు సీజన్లో ఆ మిషన్‌కి ఏటైనా అయ్యిందంటే, పోతాదని ముందు సెప్పినోడెవడో గుర్తెట్టుకోండి."

అందరూ తలూపేరు. రాజ్యం గారు కూడా.

అర్థమైందా నువ్వు చేసింది? నేను నోరు మూసుకునుంటే వాడు పోయేవాడు. ఇప్పుడు డిస్కు పోతే నేను పోతాను. డిసెంబరుకి నా చేతులకి తాళ్లు కట్టి నువ్వే అప్పజెప్పేవు, దేవుడి పేరు చెప్పి. ఆ డిస్కు బతకాలని ఇప్పుడు నేను ప్రార్థన చెయ్యాలి. బంగార్రాజు డిస్కు కోసం, నేను.

జవాబు రాయకపోయినా పర్లేదు.

జాషువా


ఎలమంచిలి,
జూలై నెలాఖరు.

జాషువా,

రాయొద్దన్నావు. రాస్తున్నాను.

మంచే చేద్దామనుకున్నానని చెప్పను. ఆ మాట చెప్పుకుని నేను నిద్రపోతే నువ్వేం చేసుకుంటావు దానితో?

ఇంకొకటి ఉంది. నీకు చెప్పకూడదని అనుకున్నాను. కానీ నీ దగ్గర ఒకటి దాచినందుకు ఇంత జరిగింది, రెండోది దాచను.

ఆరోజు చెట్టు కింద నాన్నని అడిగాను, ఒట్టు ఎందుకు వెయ్యనివ్వలేదని. మనకి లేదు కదమ్మా అన్నాడు. నేను ఊరుకోలేదు. ప్రాణం మీదకి వచ్చినా అంతేనా అని అడిగాను. అప్పుడు అన్నాడు: "వాడు నిజంగా తీసుంటే? అబద్ధపు ఒట్టు వాడి నెత్తినెక్కుతుందని భయమేసింది."

కన్నతండ్రి, షాపు నిండా జనం మధ్యలో, నీ చెయ్యి దించింది అందుకు. ఆయనకీ నమ్మకం లేదు. బంగార్రాజు నీ నుంచి పని ఒక్కటే లాక్కోలేదురా. ఇంట్లోకి వచ్చి దీన్ని కూడా లాక్కుపోయాడు.

నేను ఇన్నాళ్ళూ సాయంత్రం ప్రార్థనలో నీ కోపం పోవాలని అడిగేదాన్ని. మానేశాను. ఇప్పుడు రోజూ బంగార్రాజు ఆయుష్షు కోసం అడుగుతున్నాను. డిసెంబరు దాకా ఆయనకి ఏ జబ్బూ రాకూడదు. కళ్ళు బాగా కనిపించాలి, చెవులు బాగా వినిపించాలి. ఆరోజు ఏదీ తప్పిపోకూడదు ఆయనకి. శత్రువు కోసం ఇంత పట్టుగా ప్రార్థించే అమ్మాయిని చూడలేదని మా వార్డెనమ్మ మెచ్చుకుంది.

మిరియం


చోడవరం,
సెప్టెంబర్.

అక్కా,

నీ ఉత్తరం సైకిల్ షాపు వెనక కూర్చుని రెండుసార్లు చదివేను. తర్వాత నిన్ను క్షమించేసేను. నాన్నతో మాత్రం మాట్లాడ్డం లేదు. ఎందుకని ఆయనా అడగలేదు. కంచం పెడతాడు, తింటాను, లేచిపోతాను.

ఇంకో సంగతి జరిగింది. నిన్న మధ్యాహ్నం బల్ల దగ్గరికి ఎవరొచ్చేరనుకున్నావు? బంగార్రాజు. బండి సందు చివర పెట్టి, నడిచొచ్చేడు. సైకిల్ షాపాయన భోజనానికి వెళ్లేదాకా రోడ్డవతల కాచుకునున్నట్టున్నాడు కూడాను.

"ఏరా, భోంచేసేవా?"

"ఏటి పని?"

"పనుంటేనే రావాలేటి. ఇన్నాళ్లు మా షాపులో తిన్నావు, తిరిగేవు." పాత టైరు మీద కూర్చున్నాడు. "రాజ్యం గారి మిషను నువ్వే కద బిగించేవు. అప్పుడేటైనా కాపీ తీసి ఉంచుకున్నావా?"

"ఎందుకు? మిషను బాగుంది కద. గ్యారంటీ మీదే కద."

"బాగుంది, బాగుంది. ఊరికే అడుగుతన్నాను."

నేను ఛార్జరు వైరు ఒలుచుకుంటా కూర్చున్నాను. ఇంత నెమ్మదిగా నా జన్మలో ఏ వైరూ ఒలవలేదు. మొత్తానికి వాడే కక్కేడు.

"ఎల్లి సూసేన్రా. లేవట్లేదు. నల్లగా ఉండిపోతంది."

నువ్వు నాన్నకి చెప్పిందీ, నాన్న రాజ్యం గారికి చెప్పిందీ విని ఆరోజు నవ్వేడు కదా. ఇంటికెళ్లేక నవ్వు రాలేదన్నమాట. ఏ సరుకు పెట్టేడో వాడికి తెలుసు కదా మరి. ఎవరికీ చెప్పకుండా వెళ్లి ప్లగ్గు పెట్టేడు. అప్పటికే పోయింది.

"ఒక్కసారి వచ్చి సూడు. ఎవలికీ తెలక్కర్లేదు. మళ్లీ షాపులోకి తీసుకుంటాను. కౌంటర్లో కూకోపెడతాను."

"ఊళ్లో జనం ముందు దొంగన్నారు. ఊళ్లో జనం ముందే కాదనండి. వస్తాను."

"అదొక్కటీ అడక్కు."

"అయితే ఇంకో నెల పోతే ఎలాగూ మాలేసుకుంటారు కద. స్వామికి సెప్పుకోండి."

లేచి నిలబడ్డాడు. "కాపీ ఉందా, లేదా?"

ఉందనలేదు, లేదనలేదు. నిజానికి లేదక్కా. తోటల వివరాలు ఎక్కించింది మార్చిలో, నన్ను గెంటేసేక. వాడు మాత్రం ఉందనుకునే వెళ్లేడు. అనుకోనీ. నిద్ర పట్టకూడదు వాడికి.

కానీ చిక్కు అలాగే ఉంది. డిసెంబర్లో కంప్యూటరు లేవదు, నా పేరే చెప్తాడు. ఇప్పుడే వెళ్లి రాజ్యం గారికి చెప్తే, నేనెప్పుడెళ్లేను అంటాడు. వాడొచ్చినప్పుడు టైరు తప్ప సాక్షి లేదు. ఏం చెయ్యమంటావు?

జాషువా


ఎలమంచిలి,
అక్టోబర్.

జాషువా,

వెళ్ళకు. బాగుచెయ్యకు. పాపమని రాస్తాననుకున్నావేమో. రాయను.

ఒక్కటే ప్రశ్న. షెడ్డుకి తాళం ఉంది కదా. ఆయన గోడ దూకే వయసులో లేడు. తాళం ఎవరిచ్చారు?

ఆ మనిషితో ఇప్పుడు ఏమీ మాట్లాడకు. మంచినీళ్ళు తాగి వచ్చెయ్. నేర్పించిన మాట నేర్పించినట్టే వినిపిస్తుంది. ఆరోజు అందరి ముందూ మొదటిసారి అడుగు.

మిరియం


చోడవరం,
డిసెంబర్.

అక్కా,

బంగార్రాజు ఆరోగ్యంగా ఉన్నాడు. కళ్లు బాగా కనిపించేయి, చెవులు బాగా వినిపించేయి. నీ ప్రార్థన వృథా పోలేదు.

యూనిట్టు తెరిచిన రోజు రైతులందరూ వచ్చేరు. క్రషరుకి పసుపు రాసి, కంప్యూటరు మీద దుప్పటి తీసి దానికీ బొట్టు పెట్టేరు. కొబ్బరికాయ కొట్టేరు. బంగార్రాజు నల్ల పంచె, మెళ్లో మాల, కాళ్లకి చెప్పుల్లేవు. అందరూ స్వామీ స్వామీ అంటన్నారు. నాన్న ఒక పక్క, నేనొక పక్క.

రాజ్యం గారు స్విచ్చేసింది. నల్లటి తెర మీద తెల్లటి ఇంగ్లీషు ముక్కొకటి వచ్చి ఆగిపోయింది. మళ్లీ వేసింది. మళ్లీ అదే.

ఎవరూ నోరెత్తకముందే బంగార్రాజు అందుకున్నాడు. "నేనానాడే సెప్పేను కదమ్మా. పోతాదని ముందే సెప్పేడు ఈడు. పోగొట్టినోడికి కాపోతే ఇంకెవలికి తెలుస్తాది? ఈడి దగ్గర కాపీ ఉంది, అడగండి."

అందరూ నా వైపు తిరిగేరు. రాజ్యం గారు నాన్నని చూసింది. "ఏసుదానం గారూ, ఈసారైనా మీవాడి చేత ఒట్టేయించండి. నాకు మనసు కుదుటపడుద్ది."

నాన్న నోరు తెరిచేడు. ఏం చెప్పబోయేడో నాకు వినాలని లేదు.

"ఒట్టక్కర్లేదమ్మా" అన్నాను. "మీరు తాళమేసినకాడ్నించి ఈ షెడ్డులోకి ఎవరెళ్లేరో అచ్చియ్యమ్మని అడగండి."

అచ్చియ్యమ్మ చీపురు పట్టుకుని గుమ్మంలోనే ఉంది. ఇంతమంది తనవైపు చూసేసరికి చీపురు వెనక్కి దాచుకుంది.

"జాసువా బాబు గేటు కాడ నీళ్లు తాగీసి ఎల్లిపోతాడమ్మ. లోపలికి ఏనాడూ రాలేదు. వర్షాలప్పుడు ఈ సామే వచ్చేడు. సర్వీసు సెయ్యాలి, తాళమియ్యమన్నాడు. మద్దినేలంతా లోపలే కూకున్నాడు. సెమటలు కక్కుకుంటా బయటికొచ్చేడు."

"నాకెందుకు చెప్పలేదే?"

"సెప్పొద్దన్నాడమ్మ. సర్వీసే కదా, సెప్పడానికేటుందని నేనూ ఊరుకున్నాను."

రాజ్యం గారు కుర్చీలోంచి లేవలేదు. గొంతు కూడా పెంచలేదు. "స్వామీ, పిడుగులు పడతాయి ముట్టుకోవద్దన్నారు నాకు. మరి మీరెందుకు ముట్టుకున్నారు? పోయిందని అప్పుడే తెలిస్తే నాకెందుకు చెప్పలేదు?"

వాడు మాల పూసలు పట్టుకున్నాడు.

వెనకనుంచి ఎవరో అన్నారు. "మాలలో ఉన్నారు స్వామీ, అబద్ధం ఆడకూడదు. మీరెట్టింది కొత్తదా, పాతదా? ఒక్కమాట సెప్పీయండి, ఎల్లిపోతాం."

చెప్పలేదక్కా. మామూలు రోజైతే కొత్తదే అని అరిచేసేవాడు. ఆరోజు నేను ఒట్టెయ్యనందుకు జనం నన్ను ఎలా చూసేరో అలాగే చూసేరు వాణ్ణి. నేను ఒక్కొక్కళ్ల మొహం తనివితీరా చూసేను.

మాలేసుకున్న మనిషిని కొట్టరు కదా. అందుకని తిట్లన్నీ మర్యాదగానే పడ్డాయి. "స్వామీ, మా తోటలెండితే మీ పొయ్యిలోకెట్టుకుంటారా?" "స్వామీ, మీ ఇంట్లో కంప్యూటర్‌కి మాత్రం కొత్తదెట్టుకున్నారేటి?" వాడు వెళ్లిపోతంటే ఒకడు దారిచ్చి, దణ్ణం పెట్టి, "జాగర్త స్వామీ, గ్యారంటీ ఉన్న బండేనా అది" అన్నాడు.

సాయంత్రానికి కబురు చోడవరం వచ్చేసింది. ల్యాబాయన, జిరాక్సోళ్లు, మందుల షాపాయన, స్కూలు క్లర్కు, కంప్యూటర్లు మోసుకుని ఆ షాపుకి వచ్చేసేరు. మా డబ్బులు మాకిచ్చెయ్యండి, లేకపోతే కొత్తది పెట్టండని నిలదీస్తన్నారు. కొత్తవి ఎక్కడివి, ఇప్పుడున్న రేట్లకి? నేను ఎదురు టీ కొట్టులో కూర్చుని మొత్తం చూసేను. చెప్తే పాపమేమో గానీ, అంత రుచైన టీ నేనెప్పుడూ తాగలేదు. మందుల షాపాయన కొడుకు నా దగ్గరికొచ్చి, అన్నా, మాది ఒకసారి చూస్తావా అన్నాడు. రేపు రా అన్నాను.

బంగార్రాజు మీద నాకు జాలి లేదు. వస్తదని కూడా అనుకోను. ఇంతవరకూ రాసి ఆపేద్దామనుకున్నాను. ఇంకొంచెం ఉంది.

మర్నాడు తోటలన్నీ మళ్లీ రాయించుకోవడానికి రాజ్యం గారు కొత్త కంప్యూటరు తెప్పించి, దాని ముందు నన్ను కూర్చోబెట్టింది. అందరి ముందూ, ఈ కుర్చీ ఇంక నీదే అంది. ఒక్కొక్కళ్లూ వచ్చి ఎప్పుడు నాటేరో చెప్తన్నారు, నేను కొడతన్నాను. అందరూ జనవరే. మార్చిలో దుక్కి దున్నినోళ్లని నా కళ్లతో చూసేను, వాళ్లు కూడా జనవరే. పాత వివరాలు పోయేయి కదా, కాదనడానికి ఆవిడ దగ్గర ఏమీ లేదు. మళ్లీ రాసుకుంటారని నీకు తేలిగ్గా రాసేసేను మేలో. ఇలా రాసుకుంటారని నాకు తట్టలేదు.

నాన్న వంతొచ్చింది.

"ఫిబ్రవరిలో నాటేనమ్మా" అన్నాడు.

వెనక ఒకరిద్దరు నవ్వేరు. రాజ్యం గారు నెమ్మదిగా అంది, "అందరూ జనవరంటన్నారు ఏసుదానం గారూ. బాగా గుర్తు తెచ్చుకోండి."

"గుర్తుందమ్మా. ఫిబ్రవరే."

మధ్యలో రావాల్సిన తోట. ఫిబ్రవరి కొడితే అందరి కిందకీ వెళ్లిపోద్ది. ఎండలు ముదిరేక గానీ కత్తి పడదు. నా వేలు జనవరి మీదకి వెళ్లింది. ఆయన మీద ప్రేమతో కాదు, నేను చేసింది ఎవరికీ కనపడకుండా పోవాలని. ఆయన బల్లకవతల నిలబడున్నాడు. ఫిబ్రవరి కొట్టేను. కొట్టి, స్క్రీను ఆయన వైపు తిప్పేను. చూసుకో, ఈసారైనా నీ కళ్లతో చూసుకో అన్నట్టు తిప్పేను, కాస్త గట్టిగానే.

ఆయన స్క్రీను వైపు చూళ్లేదు.

"నువ్వు కొట్టేవు కద, చాలు" అన్నాడు.

కటింగు చీటీలిస్తన్న కిటికీ దగ్గర అప్పటికే పెద్ద వరసుంది. తుండు భుజం మీద సర్దుకుని, వెళ్లి దాని ఆఖర్న నిలబడ్డాడు. డిస్కు పోద్దని వేసవంతా నాకు తెలుసనీ, తెలిసే నోరు మూసుకున్నాననీ ఆయనకి తెలుసు, అక్కా.

జాషువా